కదిలే వాల్‌పేపర్ అంటే సరిపోతుందా?

సంపాదకులకు,

న్యూజీలాండ్ మూలవాసులైన మావోరి జాతికి చెందిన కళాకారిణి లీసా రెయిహానా వీడియోను మీ ఆదివారం వ్యాసం ‘కదిలే వాల్‌పేపర్’ అని తేల్చేసింది. 1804-05లో ఫ్రాన్స్‌లో జోసెఫ్ దుఫూర్ సంస్థ చెక్క అచ్చులతో 20 పట్టీలుగా ముద్రించిన గోడ కాగితమే దానికి ఆధారం, నిజమే. అందులో పసిఫిక్ ద్వీపవాసులు గ్రీకు శిల్పాల్లా తీరిగ్గా నిలబడతారు. 1779లో హవాయిలో జరిగిన బ్రిటిష్ నావికుడు కెప్టెన్ కుక్ మరణం ఎక్కడో వెనక, చిన్నగా కనిపిస్తుంది.

రెయిహానా ఆ ప్రకృతి దృశ్యాన్ని డిజిటల్‌గా మళ్లీ కట్టి, బొమ్మల స్థానంలో సజీవ నటులను నిలిపారు. వేడుకలు, బేరాలు, కొట్లాటలు, కుక్ మరణం అన్నీ మన కళ్లముందే జరుగుతాయి. కుక్ పాత్రలో ఒకచోట పురుషుడు, ఇంకోచోట స్త్రీ కనిపిస్తారు! 2017లో ఇటలీలోని వెనిస్ బినాలే అనే అంతర్జాతీయ కళా ప్రదర్శనలో న్యూజీలాండ్ తరఫున చూపిన రూపం 64 నిమిషాలు. మొదలూ చివరా లేకుండా తిరుగుతూనే ఉంటుంది.

పైగా, వెనక దృశ్యాన్ని తర్వాత మార్చుకోవడానికి వాడే ఆకుపచ్చ తెర ముందు తీసిన మనిషిని గీసిన దృశ్యంలో అతికించడం అంత తేలిక కాదు. పాదాల కింద నీడ వేయకపోతే మనిషి గాలిలో తేలతాడు. తెర పచ్చదనం జుట్టు అంచులకూ ఈకలకూ అంటుకుంటుంది. కెమెరా ఎత్తు గుంపుగుంపుకీ మారితే ఒకరు నేల మీద, ఇంకొకరు గుంటలో ఉన్నట్టుంటారు.

ప్రదర్శనలోనూ చిక్కే. వెడల్పాటి గోడకు చాలా ప్రొజెక్టర్లు కావాలి. పక్కపక్క బొమ్మల అంచులు కాస్త ఒకదానిమీదొకటి పడాలి, అక్కడ వెలుగు తగ్గించాలి, లేకపోతే నిలువు చారలు తేలతాయి. ఒక్క టీవీలో వేస్తే దూరంగా జరిగే ఘట్టాలు మళ్లీ చుక్కలవుతాయి.

— కళాచరిత్ర అధ్యాపకులు, హైదరాబాద్