చప్పట్లు కొట్టిన చేతులతోనే రాస్తున్నాను

సంపాదకులకు,

యుద్ధ చిత్రాల్లోని ప్రతీకార దృశ్యాలకు ఈలలు వేసే ప్రేక్షకులను క్రూరులని తీసిపారేయడం అన్యాయం. ఆ ఈలల వెనుక తీరని బాకీ ఒకటి ఉంది. తన యుద్ధ నేరాలకు హిట్లర్ ఏ న్యాయస్థానంలోనూ నిలబడలేదు. 1945 ఏప్రిల్ 30న బెర్లిన్ బంకర్‌లో తన చావును తానే ఎంచుకున్నాడు. యుద్ధం తర్వాత న్యూరెంబర్గ్‌లో జరిగిన నాజీ నేరాల విచారణలో మరణశిక్ష పడిన అతని సహచరుడు గోరింగ్ కూడా ఉరికి కొద్ది గంటల ముందే విషం మింగి తప్పించుకున్నాడు. చరిత్ర ఎగవేసిన ఆ బాకీని వెండితెర వసూలు చేస్తే గుండె బరువు దిగినట్లు అనిపించడం మనిషికి సహజం.

2009లో వచ్చిన కల్పిత యుద్ధ చిత్రం 'ఇన్‌గ్లోరియస్ బాస్టర్డ్స్' చూసినప్పుడు నాకూ అలాగే అనిపించింది. అందులో పారిస్ సినిమా హాల్లో కూర్చున్న నాజీ పెద్దలు, తమ సైనికుడొకడు శత్రువులను వరసపెట్టి కాల్చే చిత్రాన్ని చూసి కేరింతలు కొడుతుంటే మనకు ఒళ్లు మండుతుంది. కాసేపటికి అదే హాలు అంటుకుని, మూసిన తలుపుల మధ్య చిక్కిన గుంపుపై తూటాలు కురుస్తుంటే ఆ కేరింతలు మన గొంతులోంచే వస్తాయి.

అయితే నన్ను ఇప్పటికీ వదలనిది అంతకుముందు వచ్చే మరో దృశ్యం. పట్టుబడిన జర్మన్ సార్జెంట్ మోకాళ్లపై ఉండి, తనవాళ్ల జాడ చెప్పనంటాడు. అతణ్ణి బేస్‌బాల్ బ్యాటుతో కొట్టి చంపడం తమకు సినిమా చూసినంత వినోదమని నాజీలను వేటాడే ఎదుటి అమెరికన్ దళనాయకుడే అంటాడు. ఆ సార్జెంటు సేవించిన రాజ్యంపై నాకు రవ్వంత జాలి లేదు. కానీ బందీలను హింస నుంచి కాపాడాలని, వారిపై ప్రతీకార చర్యలు కూడదని 1929 నాటి జెనీవా ఒప్పందమే చెప్పింది. బ్యాటు లేచినప్పుడు నేను చప్పట్లు కొట్టాను, అతడు బందీ అన్న సంగతి ఇంటికి వచ్చాక గానీ నాకు గుర్తు రాలేదు.

సోవియట్ దర్శకుడు ఎలెమ్ క్లిమోవ్ 1985లో తీసిన 'కమ్ అండ్ సీ' కూడా పగ గురించినదే. బెలారూస్‌లో నాజీలు జనంతో సహా తగలబెట్టిన ఊరిని చూసిన కుర్రవాడు, నీటి గుంటలో పడి ఉన్న హిట్లర్ పటాన్ని కాలుస్తాడు. ఒక్కో తూటాకూ చరిత్ర వెనక్కి తిరుగుతూ, చివరికి తల్లి ఒడిలో పసివాడిగా ఉన్న హిట్లర్ దగ్గర ఆగుతుంది. కుర్రవాడు కాల్చలేకపోతాడు. ఆ చిత్రం అతని కోపాన్ని ఎక్కడా తక్కువ చేయదు, ఆ వేలు ఆగిన క్షణాన్ని మాత్రం మనకు చూపిస్తుంది.

ఇటువంటి చిత్రాలను సమీక్షించేవారు పోరాట దృశ్యాల హంగుతో సరిపెట్టకుండా, చంపబడినవాడి చేతిలో ఆ క్షణాన ఆయుధం ఉందా లేదా అన్నది కూడా రాయాలని మీ పత్రిక ద్వారా కోరుతున్నాను.

ఇట్లు,
ఒక పాఠకుడు