న్యూ వేవ్ వేషానికి మూలం టీవీ కాదు

సంపాదకులకు నమస్కారం.

గత ఆదివారం మీ అనుబంధంలో 1980ల దుస్తుల గురించి వచ్చిన వ్యాసం ఇష్టంగా చదివాను. అయితే న్యూ వేవ్ (1970ల చివర పంక్ సంగీతం వెంట వచ్చిన పాప్ ధోరణి) పాటలూ, వాటితో వచ్చిన వేషధారణా అమెరికా పాటల టీవీ చానల్ ఎంటీవీ పుణ్యమేనని అందులో తేల్చెయ్యడం సరికాదు. ముప్పై ఏళ్లుగా కుట్టుపని నేర్పుతున్నదాన్ని కాబట్టి, ఆ బట్టలు కుట్టినవాళ్ల తరఫున ఈ నాలుగు మాటలు రాస్తున్నాను.

ఎంటీవీ మొదలైంది 1981 ఆగస్టు 1న. అంతకు రెండేళ్ల ముందే లండన్‌లోని కోవెంట్ గార్డెన్‌లో, బ్లిట్జ్ అనే వైన్ బార్‌లో స్టీవ్ స్ట్రేంజ్, రస్టీ ఈగన్ ప్రతి మంగళవారం రాత్రి పాటల కార్యక్రమం నడిపేవారు. శ్రద్ధగా ముస్తాబై వచ్చినవాళ్లనే స్టీవ్ స్ట్రేంజ్ గుమ్మం దాటనిచ్చేవాడు. అక్కడికి వచ్చేవాళ్లలో చాలామంది చేతిలో డబ్బులేని కుర్రవాళ్లు, ఆర్ట్ కాలేజీ విద్యార్థులు; పాత బట్టల కొట్లలో దొరికినవాటిని విప్పి, కత్తిరించి, మళ్లీ కుట్టుకుని వేసుకునేవారు. తర్వాత గాయకుడిగా పేరుమోసిన బాయ్ జార్జ్ అక్కడ కోట్లు దాచే గదిలో పనిచేశాడు. టోపీల తయారీలో నేటికీ పెద్ద పేరైన స్టీఫెన్ జోన్స్ కూడా ఆ గుంపులోవాడే. 1980లో ప్రసిద్ధ బ్రిటిష్ గాయకుడు డేవిడ్ బోవీ తన 'యాషెస్ టు యాషెస్' వీడియో కోసం స్టీవ్ స్ట్రేంజ్‌నూ, మరికొందరినీ ఇక్కడినుంచే తీసుకెళ్లాడు. అప్పటికి ఎంటీవీ పుట్టనేలేదు.

సంగీతమూ ఇదే దారిన వచ్చింది. ఇంగ్లండ్‌లోని షెఫీల్డ్‌కు చెందిన హ్యూమన్ లీగ్ అనే బృందం గాయకుడు ఫిలిప్ ఓకీ అంతకుముందు ఆస్పత్రిలో పోర్టర్‌గా పనిచేసినవాడు. వాద్యం మీద ఏళ్ల తరబడి సాధన చేయకపోయినా సింథసైజర్‌తో (ఎలక్ట్రానిక్‌గా ధ్వనులు పుట్టించే వాద్యంతో) పాట కట్టవచ్చని ఆ బృందం 1981 నాటి 'డేర్' ఆల్బమ్‌తో చూపించింది. ఒక పక్క కంటిని కప్పేసేలా ఓకీ పెంచుకున్న జుట్టు అప్పటి కుర్రకారుకు గుర్తుగా నిలిచింది.

1981 మార్చిలో బ్రిటిష్ ఫ్యాషన్ డిజైనర్ వివియెన్ వెస్ట్‌వుడ్ ప్రదర్శించిన 'పైరేట్స్' దుస్తుల గురించి మీ వ్యాసంలో ఒక్క వాక్యమూ లేదు. శతాబ్దాల నాటి చొక్కాల కత్తిరింపును ఆవిడ తిరిగి తెచ్చిన తీరు, వదులుగా జారే ఆ చేతులు, మా విద్యార్థినులకు నేను ఇప్పటికీ బల్లమీద పరిచి చూపించే పాఠం.

టీవీ ఆ పాటలనూ, వేషాలనూ ఇంటింటికీ చేర్చింది, ఆ మేలు కాదనను. వచ్చే భాగంలోనైనా బ్లిట్జ్ గురించీ, స్టీఫెన్ జోన్స్, వెస్ట్‌వుడ్‌ల గురించీ రాయించమనీ, ఫొటోల కింద బట్టలు వేసుకున్నవారితో పాటు వాటిని తయారుచేసినవారి పేర్లు కూడా వేయమనీ కోరుతున్నాను.

భవదీయురాలు,
ఒక పాఠకురాలు, విజయవాడ