కారుణ్య నియామకాల్లో గడువు మాకేనా, ప్రభుత్వానికి లేదా?

గౌరవనీయులైన తెలంగాణ ముఖ్యమంత్రి గారికి నమస్కారాలు.

సర్వీసులో ఉండగా చనిపోయిన ఉద్యోగి కుటుంబంలో ఒకరికి కారుణ్య నియామకం కింద ఉద్యోగం ఇచ్చే 1977 నాటి జీవో 687 గురించి మీకు నేను చెప్పాల్సిన పని లేదు. నా బాధంతా గడువుల గురించే. ఉద్యోగి చనిపోయిన ఏడాదిలోపు దరఖాస్తు పెట్టుకోవాలని మాకు గడువు పెట్టారు. పిల్లలు మైనర్లయితే రెండేళ్లలోపు వాళ్లకు 18 నిండాలన్నారు. ఏడేళ్లు దాటితే ఫ్యామిలీ పెన్షన్ మూల వేతనంలో సగం నుంచి 30 శాతానికి పడిపోతుంది. ఈ తేదీలేవీ ఒక్కరోజు కూడా తప్పవు. మరి మా దరఖాస్తు మీద ఏదో ఒకటి తేల్చడానికి ఇంత కచ్చితమైన గడువు ప్రభుత్వానికి ఎందుకు ఉండదు?

మా ఆయన జూనియర్ అసిస్టెంట్‌గా పనిచేస్తూ గుండెపోటుతో పోయారు. ఏడాది గడువు ఎక్కడ దాటిపోతుందోనన్న టెన్షన్‌తో, దినవారాలు కాగానే సర్టిఫికెట్ల కోసం తిరగడం మొదలుపెట్టాం. డెత్ సర్టిఫికెట్, తహసీల్దారు ఇచ్చే ఫ్యామిలీ మెంబర్ సర్టిఫికెట్, ఇంట్లో సంపాదించేవాళ్లు లేరన్న ధ్రువీకరణ, అమ్మాయికి ఉద్యోగం ఇస్తే మాకు అభ్యంతరం లేదని అందరి అఫిడవిట్లు, అన్నీ జతచేశాం. పదో తరగతి మెమోలో అమ్మాయి ఇంటిపేరు పూర్తిగా ఉంది, సర్వీసు రిజిస్టర్‌లో ఒక్క అక్షరమే ఉంది. దాని మీద కొర్రీ వేసి ఫైలు వెనక్కి పంపారు. ఇద్దరూ ఒక్కరేనని ఆయనతో కలిసి పనిచేసినవాళ్లకు తెలియదా? అదీ సరిచేసి ఇచ్చాం.

తర్వాత ఖాళీలు లేవన్నారు. 2021లో పదవీ విరమణ వయసు 58 నుంచి 61కి పెంచారు కాబట్టి రిటైర్మెంట్లు ఆగాయని చెబితే, నిజమే కదా అని ఓపిక పట్టాం. 2024 నుంచి మళ్లీ రిటైరవుతూనే ఉన్నారు. ఇప్పటికీ అదే జవాబు. సొంత శాఖలో ఖాళీ లేకపోతే కలెక్టర్ గారి ద్వారా వేరే శాఖలో చూడాలి కదా అని ప్రజావాణిలో అడిగితే, అర్జీ తీసుకుని మళ్లీ అదే ఆఫీసుకు పంపారు.

అమ్మాయి డిగ్రీ అయిపోయి ఏళ్లు గడిచాయి. మంచి సంబంధాలు వచ్చాయి. పెళ్లి చేస్తే అర్హత మీద ఇంకే కొర్రీ పడుతుందోనని భయపడి వదులుకున్నాం. దూరంగా ఉద్యోగం వచ్చినా, ఆఫీసు నుంచి ఎప్పుడు పిలుపొస్తుందోనని పోనివ్వలేదు. ఆ పిల్ల వయసంతా మీ ఫైల్లో ఇరుక్కుపోయింది సార్. వాళ్ల నాన్న ఉంటే ఇలా ఆపేవారా అని ఒక్కోసారి నన్నే అడుగుతుంది. ఏం చెప్పను?

ఇలాంటి కేసులను ఏళ్ల తరబడి నాన్చడం సరికాదనీ, తగిన పోస్టు లేకపోతే సూపర్‌న్యూమరరీ (మంజూరైన వాటికి అదనంగా) పోస్టు సృష్టించైనా ఇవ్వాలనీ సుష్మా గోసాయిన్ కేసులో సుప్రీంకోర్టు 1989లోనే చెప్పింది. మా భయం ఇంకొకటి ఉంది. ఆకస్మికంగా వచ్చిపడిన కష్టం నుంచి కుటుంబాన్ని గట్టెక్కించడానికే ఈ ఉద్యోగమనీ, కాలం గడిచిపోయాక ఇవ్వలేరనీ 1994 నాటి ఉమేష్ కుమార్ నాగ్‌పాల్ తీర్పు అంటోంది. అంటే ఆలస్యం చేసేది ఆఫీసు, ఆ ఆలస్యాన్ని చూపించి రేపు కాదనేది మమ్మల్ని. ఇన్నేళ్లు బతికారుగా, ఇక ఉద్యోగమెందుకు అంటారేమో. అప్పులు చేసి బతికాం సార్. ఆ అప్పులు ఇంకా అలాగే ఉన్నాయి.

మీరు దయ చూపాలని వేడుకుంటున్నాను. ఏడాదిలో దరఖాస్తు ఇవ్వమని మాకు చెప్పినట్టే, ఇన్ని నెలల్లో తేల్చాలని అధికారులకు కూడా గట్టిగా గడువు పెట్టండి. ఆలస్యం ఆఫీసుదైతే దాన్ని మా అర్హతకు అడ్డం పెట్టొద్దని రాతపూర్వకంగా ఆదేశించండి. మా అమ్మాయి ఫైలు ఒక్కసారి తెప్పించి చూడండి. ఇస్తారో ఇవ్వరో ఈసారి కాగితం మీద చెప్పించండి.

ఇట్లు,
సర్వీసులో ఉండగా మరణించిన ఒక ఉద్యోగి భార్య