నాన్నా, చెయ్యి మానిపోయింది

ఆదివారం, పొద్దున

అమ్మకీ నాన్నకీ,

నేనిక్కడ బాగానే ఉన్నాను. అక్కడ మీరంతా బాగున్నారని తలుస్తాను. నాన్నా, ఇది నువ్వే అమ్మకి చదివి వినిపిస్తావు కాబట్టి ముందు అమ్మ సంగతి రాసేస్తాను. తర్వాతదంతా నీకు.

అమ్మా, మొన్న వీడియో కాల్‌లో నా చేతికి కట్టు చూసి ఏమైందని అడిగితే తలుపులో నలిగిందన్నాను. అది అబద్ధం. కాలింది. చెబితే రాత్రంతా నిద్రపోవని చెప్పలేదు. చెప్పకపోయినా నువ్వు నిద్రపోలేదని తమ్ముడు చెప్పాడు. అందుకే ఉన్నదున్నట్టు రాస్తున్నాను. కుడి చేతి మణికట్టు దగ్గర, బొటనవేలు కింద, రెండు వేళ్ల వెడల్పు మేర కాలింది. వెంటనే చల్లటి నీళ్ల కింద ఇరవై నిమిషాలు పట్టుకుని నిలబడ్డాను. ఇంట్లో ఎవరూ లేకపోయినా గాభరా పడలేదు. బొబ్బ రెండోరోజే తగ్గిపోయింది, ఇప్పుడు చర్మం కాస్త ఎర్రగా ఉందంతే. ఈ ఉత్తరం ఆ చేత్తోనే రాస్తున్నాను, అక్షరాలు చూడు, ఎప్పటిలాగే ఉన్నాయి కదా.

ఆఫీసు పని నడుస్తోంది. టీమ్ మారింది, కొత్తవాళ్లు మంచివాళ్లే. దాని గురించి రాసేదేం లేదు.

నాన్నా, మోకాలి నొప్పి ఎలా ఉంది? పైకి ఎక్కొద్దని డాక్టరు చెప్పినా ట్యాంకు చూడ్డానికి డాబా ఎక్కుతున్నావట. తమ్ముణ్ణి పంపు.

ఇక అసలు సంగతి. నా దగ్గరున్న ఎస్ప్రెస్సో మెషిన్, అదే వేడి నీళ్లని ఒత్తిడితో తోసి చిక్కటి కాఫీ దించేది, నీకు తెలుసు, ఫోన్లో చూపించాను కదా, పాత అద్దె గదిలో ఉన్నావిడ వెళ్లిపోతూ నాకిచ్చింది. దానికి కాఫీ పొడి నింపి మెషిన్‌కి తగిలించే పిడి గరిటె లాంటిది ఉంటుంది, దాన్ని పోర్టాఫిల్టర్ అంటారు. పోయిన నెల దాని పిడి ఊడి చేతికొచ్చింది. నువ్వు ఏమంటావో నాకు తెలుసు: పిడి ఒక్కటే మార్చుకోవచ్చుగా అంటావు. నేనూ ముందు అదే అనుకున్నాను. పిడి మరతోనే ఉంటుంది, నాది ఎం12, అంటే 12 మి.మీ. మర. కానీ స్టడ్, అంటే ఆ మర ఉన్న కడ్డీ, లోపలే విరిగిపోయింది. నువ్వుంటే దానికి చిన్న కన్నం వేసి ఎడమ మరతో బయటికి తీసేవాడివి, పది నిమిషాల పని. నా దగ్గర డ్రిల్లు లేదు, వైస్ లేదు. అరగంట తంటాలు పడి వదిలేశాను. ఆ రోజు నువ్వు చాలా గుర్తొచ్చావు.

కొత్తది కొందామని చూస్తే ప్రతిదాని మీదా ఒక అంకె రాసి ఉంది: 51, 54, 58. మిల్లీమీటర్లు. అది లోపల కూర్చునే గిన్నె, అంటే బాస్కెట్, లోపలి వ్యాసం. నాకు ముందు ఇదే తెలియలేదు, పోర్టాఫిల్టర్ బయటి కొలత అనుకున్నాను. దవడలతో పట్టి కొలిచే కాలిపర్ పెట్టి చూస్తే నాది బయట దాదాపు 70 వచ్చింది, లోపల 58. డెలాంగీ డెడికా లాంటి సన్నటి మెషిన్లకి 51, బ్రెవిల్ వాళ్ల చిన్నవాటికి 54, గాజియా క్లాసిక్‌కి, హోటళ్లలో వాడే పెద్ద మెషిన్లలో చాలావాటికి 58. లెలిట్ వాళ్లది ఒకటి 57 కూడా ఉంది. పక్క గది అమ్మాయిది 54. తనది నాకు ఇవ్వబోయింది పాపం, అది నా మెషిన్‌లోకి పట్టనే లేదు. పొడి అదిమే ట్యాంపర్ మాత్రం తనది వాడి చూశాను. చుట్టూ అదమని పొడి ఉంగరంలా మిగిలిపోయింది, నీళ్లన్నీ ఆ అంచు వెంబడే జారిపోయాయి.

నాది 58 అని తేలింది కాబట్టి ‘58 మి.మీ., అన్ని మెషిన్లకీ సరిపోతుంది’ అని రాసి ఉన్నదాన్ని తెప్పించాను. అక్కడే పొరపాటు చేశాను. 58 అనేది బాస్కెట్ కొలత మాత్రమే. పోర్టాఫిల్టర్‌కి అటూ ఇటూ రెండు చెవులు ఉంటాయి, మెషిన్ తలకాయలో, అంటే గ్రూప్ హెడ్‌లో, వాటికి ఏటవాలు గాడి ఉంటుంది. చెవులు గాడిలో పెట్టి కుడికి తిప్పితే ఆ ఏటవాలు మీద జరుగుతూ పోర్టాఫిల్టర్ పైకి లేచి, నీళ్లు కారకుండా ఆపే రబ్బరు గ్యాస్కెట్‌కి అదుముకుంటుంది. నీకు వివరించక్కర్లేదు, అర మర లాంటిదే. ఆ చెవుల మందం ఎంత, అంచు నుంచి ఎంత కిందికి ఉన్నాయి, ఈ చివరి నుంచి ఆ చివరికి ఎంత, ఇవన్నీ ఒక్కో కంపెనీకి ఒక్కోలా ఉంటాయి. 51 వాటిలో అయితే రెండు చెవులవీ ఉన్నాయి, మూడు చెవులవీ ఉన్నాయి. వ్యాసం ఒకటే అయినా ఒకదానిది ఇంకోదానికి ఎక్కదు.

నాకు వచ్చినదాని చెవులు పల్చన. తిప్పితే పిడి నా వైపుకి తిన్నగా వచ్చి ఆగాల్సింది, ఆగకుండా బాగా కుడికి పోయింది. అయినా బిగుసుకున్నట్టే అనిపించింది. గ్యాస్కెట్ అరిగిందేమో అనుకున్నాను, ఎందుకంటే వేడికి రబ్బరు గట్టిపడి అరిగే కొద్దీ పిడి రోజురోజుకీ కుడికి పోతుందని తెలుసు. మందం ఎక్కువున్న గ్యాస్కెట్ వేస్తే సరిపోతుందని కూడా అనుకున్నాను. ఆ లోపు ఒక్కసారి చేసి చూద్దామని స్విచ్ వేశాను.

అంచు నుంచి నీళ్లు కారాయి. నీళ్లని తోసే పంపు ఆపేసి, ఆపిన వెంటనే పిడి పట్టుకుని ఎడమకి తిప్పేశాను. అదే నా తప్పు. కొన్ని మెషిన్లలో పంపు ఆపగానే లోపలి ఒత్తిడిని వదిలేసే వాల్వ్ ఉంటుంది. నాదాంట్లో లేదు, కాసేపు ఆగాలి. నేను ఆగలేదు. టప్‌మని వేడి నీళ్లూ పొడీ బయటికి చిమ్మాయి.

అమ్మా, ఇక్కడ చదవడం ఆపమని నాన్నకి చెప్పకు. పూర్తిగా విను. ముఖానికి తగల్లేదు, కళ్లకి తగల్లేదు. ఒక్క మణికట్టు దగ్గరే.

నాన్నా, ఆ రాత్రి కూర్చుని లెక్క వేశాను. ఎస్ప్రెస్సోకి ఒత్తిడి 9 బార్లు, అంటే చదరపు సెంటీమీటరుకి సుమారు 9 కిలోలు. 58 మి.మీ. వ్యాసానికి వైశాల్యం 26.4 చదరపు సెంటీమీటర్లు. గుణిస్తే దాదాపు 240 కిలోలు. నా చిన్న వంటగదిలో, కప్పు పట్టే చోటులో, అంత బరువు ఆ రెండు చెవుల మీద వేలాడుతోంది! ఆ లెక్క చూశాక దాన్ని గరిటె అనుకోవడం మానేశాను.

మర్నాడు మెషిన్ చల్లగా ఉన్నప్పుడు నువ్విచ్చిన వెర్నియర్ కాలిపర్ తీశాను. నేను వచ్చేటప్పుడు బట్టల మధ్య పెట్టావు కదా, ‘అక్కడ ఎందుకు నాన్నా ఇది’ అని నేను విసుక్కున్నాను. పాతదాని చెవి మందం కొలిచాను, కొత్తదాన్ని కొలిచాను. తేడా 0.9 మి.మీ. ఒక్కోదాన్ని మూడు చోట్ల కొలిచి చూశాను, నువ్వు షెడ్‌లో చేసినట్టే. తర్వాత పిడి లేని పాతదాన్నే చేత్తో పట్టుకుని గాడిలో తిప్పితే ఎప్పుడూ ఆగే చోటే ఆగింది. అంటే గ్యాస్కెట్ బాగానే ఉంది, తేడా కొత్తదాని చెవుల్లోనే. మందం గ్యాస్కెట్ వేసి ఉంటే ఆ తప్పుని కప్పిపెట్టినట్టే అయ్యేది. అలాంటి పని చూస్తే నువ్వు ఎంత కోప్పడతావో తెలుసు.

చిన్నోడి పరీక్షలు ఎప్పుడు? ఫోన్ చేస్తే ‘బానే చదువుతున్నా అక్కా’ అని పెట్టేస్తున్నాడు. వాడికి ఏదన్నా టెన్షన్ ఉంటే నాతో చెప్పమను.

రెండోసారి తొందరపడలేదు. మెషిన్ అడుగున రేకు మీద ఉన్న మోడల్ నంబరు రాసుకున్నాను. సరిగ్గా ఆ నంబరుకి సరిపోతుందని రాసి ఉన్నవే చూశాను. అప్పుడు కూడా నమ్మకుండా చెవి మందం, చివరి నుంచి చివరికి కొలత, అంచు నుంచి చెవి దాకా ఉన్న దూరం, మూడూ పాతదాని మీద కొలిచి అమ్మేవాళ్లకి పంపి, వాళ్ల దగ్గరున్నది కొలిచి చెప్పమని అడిగాను. ఇద్దరు జవాబు ఇవ్వలేదు. మూడో ఆయన ఓపిగ్గా కొలిచి ఫొటో పంపాడు. అదే తెప్పించుకున్నాను.

ఇది ఇత్తడిది, పైన క్రోమ్ పూత. తేలిగ్గా ఉండే అల్యూమినియంవి కూడా ఉన్నాయి కానీ ఇత్తడి బరువుకి వేడి నిలుస్తుంది. మెషిన్ వేడెక్కేటప్పుడే దాన్ని తగిలించి ఉంచాలి, లేకపోతే చల్లటి లోహం నీళ్ల వేడిని లాగేసుకుంటుంది. కింద మూతి లేని రకం తీసుకున్నాను, బాటమ్‌లెస్ అంటారు. బాస్కెట్ అడుగంతా కనిపిస్తుంది. పొడి ఒకవైపు సరిగా అదమకపోతే అక్కణ్ణించి సన్నగా చిమ్ముతుంది, ఎక్కడ తప్పు చేశామో కళ్లకి కనిపిస్తుంది. పాతదాని అడుగు మూసి ఉండేది, లోతు బాస్కెట్ పట్టేది కాదు, 18 గ్రాములది పెడితే అడుగు తగిలేది. ఇందులో పడుతుంది.

ఇంకోటి. పాతదానితో వచ్చిన బాస్కెట్ రెండు పొరలది. అడుగున ఒకే ఒక్క చిన్న కన్నం, ఒత్తిడంతా అదే పుట్టిస్తుంది, పొడి ఎలా ఉన్నా పైన నురుగు వచ్చేస్తుంది. ఇప్పటిది ఒకే పొర, ఒత్తిడిని పొడే నిలపాలి. మొదటి మూడు రోజులూ కాఫీ నీళ్లలా పది సెకన్లలో దిగిపోయింది. పొడి ఇంకా మెత్తగా విసరాలని అర్థమై, కొద్దికొద్దిగా మారుస్తూ వచ్చాను. నిన్నటికి 18 గ్రాముల పొడికి 36 గ్రాముల కాఫీ 28 సెకన్లలో దిగింది. అడుగంతా మొదట చుక్కలు చుక్కలుగా పట్టి, అవన్నీ మధ్యకి చేరి ఒకే ధారగా, గోధుమరంగు తేనెలా పడింది. నువ్వు పక్కనుంటే బాగుండేదనిపించింది నాన్నా.

నీకు నచ్చే సంగతి ఒకటి చెప్పాలి. ఇప్పటికీ చాలా మెషిన్లలో వాడే గ్రూప్ హెడ్ ఒకటి ఉంది, ఇటలీలో ఫేమా అనే కంపెనీ 1961లో తెచ్చింది. నువ్వు పుట్టిన ఏడాదే. ఆ ఏడాది ఫిబ్రవరిలో అక్కడ సంపూర్ణ సూర్యగ్రహణం వచ్చిందట, గ్రహణమనే మాటకి వాళ్ల భాషలో మొదటి అక్షరం ఈ, దాని పక్కన 61 చేర్చి ఈ61 అని పేరు పెట్టారు. ఆ ఇత్తడి తలకాయ ఆకారం పెద్దగా మారకుండా ఇన్నేళ్లూ చేస్తూనే ఉన్నారు. నాది ఆ రకం కాదు. ఎప్పుడైనా చూస్తే నీకు ఫొటో తీసి పంపిస్తాను.

అమ్మా, ఇంత తిప్పలు ఎందుకు, దెబ్బ తగిలాక కూడా ఆ మెషిన్ అవసరమా అని అంటున్నావు కదా. అను. కానీ ఇక్కడ పొద్దున్నే ఆరింటికి ఇంకా చీకటిగా ఉంటుంది. ఇంట్లో ఎవరూ లేవరు. నేను లేచి మెషిన్ స్విచ్ వేస్తే అది వేడెక్కుతూ చిన్నగా చప్పుడు చేస్తుంది. ఆ పావుగంట నాకు ఎవరో లేచి ఉన్నట్టు ఉంటుంది. నువ్వు వంటింట్లో తిరుగుతుంటే నేను ఇంకా దుప్పట్లో ఉండేదాన్ని కదా, అలా. దాన్ని తీసేయమని మాత్రం అడగకు. జాగ్రత్తగా ఉంటాను. ఇప్పుడు పంపు ఆపాక ముప్పై దాకా లెక్కపెట్టి, చేతికి మందపాటి గుడ్డ చుట్టుకుని, కొంచెం తిప్పి ఆగి, బుస్‌మనడం పూర్తిగా ఆగాకే తీస్తున్నాను. రోజూ అలాగే చేస్తున్నాను, ఒట్టు.

నువ్వు బీపీ మాత్రలు మర్చిపోకు. పోయిన వారం రెండుసార్లు మర్చిపోయావని తెలుసు. ఎవరు చెప్పారో అడగొద్దు.

నాన్నా, ఒక్క సందేహం మిగిలింది. కాలిపర్ పూర్తిగా మూసినా సున్నా గీతలు కలవడం లేదు, ప్రధాన స్కేలు సున్నాకి వెర్నియర్ సున్నా కుడివైపు కొద్దిగా జరిగి ఉంది, 0.1 దగ్గర వస్తోంది. రెంటి తేడా తీసుకుంటే ఆ తప్పు పోతుందని నువ్వు చెప్పింది గుర్తుంది కాబట్టి 0.9 విషయంలో అనుమానం లేదు. కానీ మూడో ఆయనకి పంపిన కొలతల్లో దాన్ని తీసేసి రాశాను. తీసేయడమే కదా సరైనది, కలపడం కాదు కదా? దవడల మధ్య దుమ్ము ఉందేమోనని గుడ్డతో తుడిచాను, అయినా అంతే. దాన్ని విప్పొచ్చా, లేక అలాగే వదిలేయనా? నువ్వు చెప్పేదాకా ముట్టుకోను. వచ్చే ఆదివారం కాల్‌లో దాన్ని కెమెరా ముందు పెడతాను, కళ్లద్దాలు దగ్గర పెట్టుకో.

మీ
పెద్దమ్మాయి