అడవి పందిపై తుపాకి ఎత్తే యువకుడికి నియమాలు ఏవి? అటవీ శాఖ మంత్రి గారికి బహిరంగ లేఖ

గౌరవనీయులైన తెలంగాణ రాష్ట్ర అటవీ, పర్యావరణ శాఖ మంత్రి గారికి నమస్కారములు.

విషయం: పంటలను పాడుచేసే అడవి పందులను చంపడానికి ఇచ్చే అనుమతుల్లో, తుపాకి పట్టే యువకుల వయసు, శిక్షణ, పర్యవేక్షణలపై లిఖిత నియమావళి రూపొందించవలసిన అవసరం.

అయ్యా,

నేను నల్లమల అంచున, అచ్చంపేట ప్రాంతంలో వేరుశనగ పండించుకుంటున్న విశ్రాంత ఉపాధ్యాయుణ్ణి. అడవి పందుల వల్ల పంట పోతోందన్న వినతిపత్రాలు మీ కార్యాలయానికి వస్తూనే ఉంటాయి కనుక, ఆ గోడు మళ్లీ వెళ్లబోసుకోవడానికి ఈ లేఖ రాయడం లేదు. ఆ పందులను చంపుతున్నది ఎవరు, వారి వయసెంత, ఆ పని వారికి ఎవరు నేర్పారు అన్న ప్రశ్నలను మీ ముందుంచడానికి రాస్తున్నాను. వినోదం కోసం వేటను మళ్లీ తెరవమని నేను కోరడం లేదు. చట్టం ఇప్పటికే అనుమతిస్తున్న ఒక పనికి, ఆ పని చేసే మనిషికి ఉండవలసిన అర్హతలు రాతలో లేకపోవడమే నా ఆందోళన.

మా వైపు ఊడలు దిగి కాయ పట్టే దశలో ఉన్న వేరుశనగ చేనులోకి ఒక్క రాత్రి పందుల గుంపు దిగిందంటే, తెల్లవారేసరికి నాగలి దున్నినట్టు మట్టి తిరగబడి, తీగలు వేళ్లతో సహా పైకి తేలి ఉంటాయి. కాపలాకు మంచె వేస్తారు. గట్ల మీద పాత చీరలు కడతారు. క్షౌరశాల నుంచి వెంట్రుకలు తెచ్చి చేను చుట్టూ చల్లుతారు. పటాకులు కాలుస్తారు. కొందరు చేను అంచున కుసుమ వరుసలు వేస్తారు. ఆ ముళ్లకు కొంతకాలం ఫలితం ఉంటుంది. ఇవన్నీ విఫలమయ్యాక రైతు ఇంట్లో కుర్రవాడు చీకటి పడ్డాక ఒక తీగచుట్ట భుజాన వేసుకుని బయలుదేరతాడు. అడుగు ఎత్తున ఆ తీగను లాగి, పైనున్న కరెంటు లైనుకు తగిలించి, కోడి కూయకముందే తీసేస్తాడు. ఈ పని ఆ కుర్రవాడే చేయడానికి కారణం ఒక్కటే: తండ్రికి చీకట్లో కళ్లు ఆనవు, కొడుకు చురుకైనవాడు. తీసేయడం ఒక్కరోజు ఆలస్యమైతే ఆ తీగకు తగిలేది పక్క చేను రైతో, పశువులను తోలుకెళ్లే పిల్లవాడో, ఒక్కోసారి తీగ పెట్టినవాడేనో అవుతున్నారు. 2024 ఫిబ్రవరిలో జయశంకర్ భూపాలపల్లి జిల్లా అడవిలో విధి నిర్వహణలో ఉన్న గ్రేహౌండ్స్ అనే ప్రత్యేక పోలీసు దళానికి చెందిన ఒక కానిస్టేబుల్ ఇలాగే జంతువుల కోసం పెట్టిన తీగ తగిలి ప్రాణాలు కోల్పోయిన సంగతి మీకు తెలిసినదే.

నిజం ఒప్పుకోవాలంటే, ఈ తీగలన్నీ పంట కోసమే పెడుతున్నవి కావు. అడవి పంది మాంసానికి గిరాకీ ఉంది, చేతిలో డబ్బు ఆడని కుర్రవాళ్లు ఉన్నారు. పంట రక్షణ అన్న మాట చాలాచోట్ల ఆ వ్యాపారానికి ముసుగుగా పనికివస్తోంది. నియమాలు స్పష్టంగా ఉంటేనే ఏది పంట కోసం, ఏది మాంసం కోసం అన్నది తేల్చడం మీ శాఖకు సాధ్యమవుతుంది.

ఇక చట్టం సంగతి. 1972 వన్యప్రాణి సంరక్షణ చట్టం మొదట వచ్చినప్పుడు వేటకు లైసెన్సులు ఉండేవి. పెద్ద జంతువులకు ఒకటి, చిన్న జంతువులకు ఒకటి, ఉచ్చులతో పట్టుకోవడానికి మరొకటి, ఇలా రకరకాలుగా ఇచ్చేవారు. అడవి పంది అప్పట్లో పెద్ద జంతువుల జాబితాలో ఉండేది. 1991 సవరణతో ఆ లైసెన్సుల పద్ధతి మొత్తం రద్దయింది. రద్దు కావడం మంచిదేనని నా అభిప్రాయం. ఆ లైసెన్సుల చాటున అడవులు ఎంత ఖాళీ అయ్యాయో మా తాతల తరం కళ్లారా చూసింది. అయితే లైసెన్సుతో పాటు, లైసెన్సుకు అర్హుడెవరు అన్న ఆలోచన కూడా మన పాలనలోంచి వెళ్లిపోయింది. ఆ చట్టంలో నేడు మిగిలినది సెక్షన్ 11. పంటకు ప్రమాదకరంగా మారిన జంతువును, కారణాలు రాసి, ఫలానా ప్రాంతంలో చంపడానికి ఎవరికైనా అనుమతి ఇచ్చే అధికారం రాష్ట్ర వన్యప్రాణి విభాగ ముఖ్య అధికారి అయిన చీఫ్ వైల్డ్‌లైఫ్ వార్డెన్‌కు, ఆయన అధికారం ఇచ్చిన వారికి ఉంది. 2022 సవరణ తరువాత అడవి పంది రెండో షెడ్యూలులో ఉంది, కనుక ఈ సెక్షన్ దానికి వర్తిస్తుంది. కాని ఆ అనుమతి పొందే వ్యక్తికి ఏ వయసు ఉండాలి, ఏ శిక్షణ ఉండాలి, ఎవరి పర్యవేక్షణలో కాల్చాలి అన్నది ఆ సెక్షన్‌లో లేదు. అది రాష్ట్రమే చెప్పాలి.

తుపాకికి సంబంధించి కొంత సమాధానం ఆయుధాల చట్టంలో దొరుకుతుంది. 1959 నాటి ఆ చట్టం ప్రకారం 21 ఏళ్లు నిండనివారు తుపాకి కలిగి ఉండరాదు. 1983కు ముందు ఈ పరిమితి 16 ఏళ్లే. క్రీడా శిక్షణలో మాత్రం చిన్న వయసువారికి, పర్యవేక్షణకు లోబడి, మినహాయింపు ఉంది. 2016 ఆయుధ నిబంధనలు లైసెన్సు కోరేవారికి ఆయుధ భద్రతా శిక్షణను కూడా చేర్చాయి. చదవడానికి ఇదంతా బాగానే ఉంది. హైదరాబాద్‌లో పుట్టిన పిల్లవాడు గచ్చిబౌలి షూటింగ్ రేంజ్‌కు వెళ్లి, శిక్షకుడి కళ్లముందు, తుపాకి నోరు ఎటు ఉండాలో మొదటి రోజే నేర్చుకుంటాడు. మా ఊళ్లో అదే ఈడు పిల్లవాడి చేతికి వచ్చేది లైసెన్సు లేని నాటు తుపాకి. దాని మందు ఎంత పోయాలో చెప్పేవాడు, వెనక్కి పేలితే ఏమవుతుందో చెప్పేవాడు ఎవరూ ఉండరు. చూపు ఆనని రాత్రిలో మొక్కజొన్న ఆకులు కదిలితే కాల్చేయడమే అతనికి తెలిసిన వేట. ఆ ఆకుల వెనక కాపలాకు వచ్చిన మనిషి ఉండవచ్చన్న హెచ్చరిక అతను ఎక్కడా విని ఉండడు.

ఈ విషయంలో ఇతర దేశాలు ఎలా ఉన్నాయో ఒక్క ముక్క మనవి చేస్తాను. మన తెలుగువారు వేల సంఖ్యలో ఉంటున్న టెక్సాస్‌లో 1971 సెప్టెంబరు 2న లేదా ఆ తరువాత పుట్టినవారు వేటకు వెళ్లాలంటే వేట శిక్షణ కోర్సు పూర్తిచేయాలి. ఆ ధ్రువపత్రానికి కనీస వయసు 9 ఏళ్లు. కోర్సు చేయని 17 ఏళ్ల లోపువారు అర్హత ఉన్న పెద్దల వెంట మాత్రమే వెళ్లాలి. కంచె దాటేముందు తుపాకిలోని గుండు తీసేయాలని, గురి వెనక ఏముందో చూడకుండా కాల్చరాదని ఇలాంటి కోర్సుల్లో పిల్లలకు పాఠంగా చెబుతారు. ఆ ఊళ్లలో పెరుగుతున్న మన పిల్లలు కూడా ఈ పాఠాలు వింటున్నారు. జర్మనీలో వేట పరీక్ష కఠినం. 16, 17 ఏళ్లవారికి ప్రత్యేక పత్రం ఇస్తారు గాని, పెద్దల తోడు లేకుండా వెళ్లనివ్వరు. అలాగని టెక్సాస్‌ను తెచ్చి తెలంగాణలో నాటమనడం నా ఉద్దేశం కాదు. అక్కడ తుపాకి కిరాణా సరుకంత సులువుగా దొరుకుతుంది. 2019 నుంచి ప్రైవేటు భూముల్లో, భూ యజమాని అనుమతితో, అడవిలో తిరిగే పందులను లైసెన్సు లేకుండానే వేటాడవచ్చు. మనకు అది వద్దు. మనకు కావలసినది, తుపాకి కంటే ముందు పాఠం రావాలన్న ఆ వరుస మాత్రమే.

అలాంటి వరుస మన నేలకు కొత్త కాదు. నల్లమల చెంచు పెద్దలు కుర్రవాళ్లను అడవికి తీసుకెళ్లిన కాలంలో, పిల్ల తల్లిని కొట్టరాదని, గాయపడిన జంతువును వదిలిపెట్టి రారాదని చెప్పేవారని నా చిన్నతనంలో వారి నోటనే విన్నాను. నేడు వారి వేట కూడా నేరమే. 2006 అటవీ హక్కుల చట్టం సంప్రదాయ హక్కులను గుర్తిస్తూనే, వేటను, ఉచ్చులు పన్నడాన్ని స్పష్టంగా మినహాయించింది. వన్యప్రాణి చట్టం గిరిజనుల వేట హక్కును కాపాడినది నికోబార్ దీవుల విషయంలోనే. చట్టం మారాలా వద్దా అన్న చర్చ ఈ లేఖ పరిధిలోనిది కాదు గాని, పెద్దల పాఠం ఆగిపోయిన చోట ప్రభుత్వ పాఠం మొదలు కాలేదన్నది మాత్రం నిజం.

కనుక నా అభ్యర్థన ఇది. సెక్షన్ 11 కింద పందులను కాల్చడానికి మీ శాఖ గుర్తించే షూటర్ల జాబితాలోకి రావడానికి అర్హతలను ప్రభుత్వ ఉత్తర్వు ద్వారా ప్రకటించండి. 21 ఏళ్ల పరిమితి ఆయుధాల చట్టంలో ఉన్నదే అయినా, ఈ ఉత్తర్వులో తిరిగి రాయాలి. ఎందుకంటే గ్రామంలో ఆ ఉత్తర్వును చదివేది వకీలు కాదు, పంచాయతీ కార్యదర్శి. జాబితాలో చేరేవారు ఆయుధ భద్రతతో పాటు అడవిలో చేసే శిక్షణ కూడా పొందాలి. రాత్రివేళ గురిని నిర్ధారించుకోవడం, ఊరి వైపు, రోడ్డు వైపు కాల్చకపోవడం, గాయపడిన పందిని వెతికి పట్టుకోవడం, పిల్లలతో ఉన్న ఆడపందిని గుర్తించడం ఆ శిక్షణలో ఉండాలి. గాయపడిన పంది ఎదురు తిరిగితే వేటగాడి తొడను కోరతో చీల్చేస్తుంది కనుక ప్రథమ చికిత్స కూడా నేర్పాలి. మొదటి ఏడాది ఎవరూ ఒంటరిగా కాల్చరాదని, అనుభవజ్ఞుడైన షూటరు, అటవీ సిబ్బంది వెంట ఉండాలని నియమం పెట్టండి. ఆ సమయంలో జరిగే ప్రమాదానికి బీమా ఎవరు కడతారో కూడా రాయండి. తుపాకి పట్టినవాడి కుటుంబం, పక్క చేనులో ఉన్నవాడి కుటుంబం, రెండూ పేదవే.

18 ఏళ్ల లోపు పిల్లలను ఈ పనిలో ఏ రూపంలోనూ వాడరాదని ఉత్తర్వు స్పష్టంగా చెప్పాలి. డప్పులు కొట్టి పందులను తోలడానికి బడిపిల్లలను వాడటం కొన్నిచోట్ల అలవాటుగా ఉంది. చట్టంలో వేట అన్న మాటకు ఇచ్చిన నిర్వచనంలో జంతువును తోలడం కూడా ఉన్నందున, అనుమతి లేని చోట ఆ పిల్లవాడు తెలియకుండానే నేరంలో భాగస్వామి అవుతున్నాడు. వారికి తుపాకి అక్కరలేదు. కరెంటు తీగల వల్ల, పందుల కోసం పెట్టే నాటు బాంబుల వల్ల ఏం జరుగుతుందో ఉన్నత పాఠశాలల్లో ఏడాదికి ఒక్కరోజైనా చెప్పే ఏర్పాటు చాలు. మేత మేస్తూ నాటు బాంబు కొరికిన ఆవు దవడ ఎలా ఉంటుందో మా ఊరి పిల్లలు చూసినవారే; కాని దాన్ని చుట్టినవారికి ఏ శిక్ష పడుతుందో వారికి తెలియదు.

ఈ ఉత్తర్వు పనిచేయాలంటే అనుమతి త్వరగా రావాలి. దరఖాస్తు పెట్టుకుని అనుమతి చేతికి వచ్చేసరికి కాయలు పందులు తినేసి ఉంటాయి. అప్పుడు తీగచుట్ట భుజాన వేసుకున్న కుర్రవాణ్ణి ఆపడం తల్లిదండ్రుల తరం కాదు. తుపాకి లైసెన్సు ఒక శాఖది, చంపే అనుమతి మరొక శాఖది. ఈ రెండింటికీ జిల్లాలో ఒకే అధికారి జవాబుదారీగా ఉండాలి. ఎన్నికల వేళ లైసెన్సు తుపాకులను పోలీసు స్టేషన్లలో జమ చేయిస్తారు. అది పంట కాలంలో వస్తే గుర్తింపు పొందిన షూటర్లకు మినహాయింపు ఉంటుందో ఉండదో ముందే తేల్చండి. కేరళ 2022లో స్థానిక సంస్థల అధ్యక్షులకు ఈ అనుమతుల అధికారం అప్పగించినప్పుడు, విషం, పేలుడు పదార్థాలు, కరెంటు వాడరాదన్న షరతు పెట్టింది. అధికారాన్ని కిందికి దింపడం, పద్ధతిని కట్టడి చేయడం రెండూ ఒకే ఉత్తర్వులో సాధ్యమేనని దాన్నిబట్టి అర్థమవుతుంది.

చంపిన పంది కళేబరం విషయం కూడా తేల్చాలి. చట్టప్రకారం అది ప్రభుత్వ ఆస్తి. దాన్ని ఎవరి సమక్షంలో పాతిపెట్టాలి, పంచనామా ఎవరు రాయాలి, ఎన్ని గుండ్లు వాడారో ఎక్కడ నమోదు చేయాలి అన్నవి షూటరుకు ముందే తెలిసి ఉండాలి. ఈ లెక్క సరిగా ఉన్న రోజున మాంసం వ్యాపారం కోసం పంట రక్షణ పేరు వాడేవారికి దారి మూసుకుపోతుంది. నియమం తప్పిన షూటరు పేరు జాబితా నుంచి తొలగించి, ఆ సంగతి గ్రామసభలో ప్రకటించాలి.

మా ప్రాంతంలో యాసంగి వేరుశనగ విత్తనం సెప్టెంబరు, అక్టోబరు నెలల్లో పడుతుంది. ఆలోపు ముసాయిదా నియమావళిని తెలుగులో ప్రకటించి, అడవి అంచు గ్రామాల పంచాయతీ కార్యాలయాల్లో అంటించి, రైతుల నుంచి, చెంచు పెంటల (గూడేల) నుంచి అభ్యంతరాలు స్వీకరించమని కోరుతున్నాను. మా గ్రామసభలో దాన్ని చదివి వినిపించే బాధ్యత, వచ్చిన అభిప్రాయాలను రాతపూర్వకంగా మీ శాఖకు పంపే బాధ్యత నేను తీసుకుంటాను.

భవదీయుడు,
ఒక విశ్రాంత ఉపాధ్యాయుడు, వేరుశనగ రైతు
అచ్చంపేట ప్రాంతం, నాగర్‌కర్నూల్ జిల్లా