ఆడినవాళ్లకు కుర్చీ ఎప్పుడు?

సంపాదకులు గారికి నమస్కారం.

మీ జిల్లా ఎడిషన్‌లో ఆటల పేజీ వదలకుండా చదివేవాళ్లలో నేనూ ఒకణ్ణి. ఆ పేజీలో వారానికి ఒకసారైనా ఒక ఫొటో వస్తుంది, మీరు గమనించారో లేదో. ఫలానా క్రీడా సంఘానికి నూతన కార్యవర్గం ఏకగ్రీవం అని. శాలువాలు, బొకేలు, ముందు వరసలో కుర్చీలు. కుర్చీల్లో ఒకరు రైసు మిల్లు ఓనరు, ఒకరు రొయ్యల మేత డీలరు, మధ్యలో మాజీ ప్రజాప్రతినిధి. ఆ ఆట నిజంగా ఆడినవాళ్లు వెనక నిలబడి ఉంటారు, కింద పేర్లు రాసేటప్పుడు వాళ్లు ‘తదితరులు’లో కలిసిపోతారు. మీ విలేకరిని నేను తప్పు పట్టను, ఆయనకిచ్చిన ప్రెస్ నోట్‌లోనే అలా ఉంటుంది.

ఈ మాట ఇప్పుడు ఎందుకొచ్చిందంటే, ఈ మధ్య వాటర్ పోలో గురించి చదువుతూ ఆటిల్లా వారీ అనే హంగేరీ ఆయన దగ్గర ఆగిపోయాను. 1976లో పుట్టాడు. 2000లో సిడ్నీ, 2004లో ఏథెన్స్, రెండుసార్లూ ఒలింపిక్ బంగారు పతకం గెలిచిన జట్టులో ఉన్నాడు. మన కరణం మల్లీశ్వరికి కాంస్యం వచ్చిన సిడ్నీయే. అప్పటికి హంగేరీ మగవాళ్ల జట్టు ఆ ఆటలో ఒలింపిక్ బంగారం చూసి 24 ఏళ్లు, ఆ కసంతా ఫైనల్లో రష్యా మీద చూపించి 13-6తో గెలిచారు. ఏథెన్స్‌లో మాత్రం సెర్బియా మాంటెనెగ్రో మీద 8-7, గుండె నోట్లోకి వచ్చే మ్యాచ్. 2018లో వారీ ఆ దేశపు వాటర్ పోలో సమాఖ్యకు అధ్యక్షుడయ్యాడు. నాకు నచ్చింది ఆయన పతకాలకంటే ఆ కుర్చీ నడిచిన వరస. ఆయనకు ముందు అందులో ఉన్నది డేనెష్ కెమేనీ, 2000, 2004, 2008 మూడు ఒలింపిక్స్‌లోనూ జట్టును గెలిపించిన కోచ్. వారీ తర్వాత వచ్చింది నార్బర్ట్ మదరస్, 2004లోనూ 2008లోనూ బంగారం గెలిచిన ఆటగాడు. ముందు కోచ్, తర్వాత ఆ కోచ్ దగ్గర ఆడిన ఒకడు, ఆ తర్వాత అదే జట్టులో ఇంకొకడు. ముగ్గురూ ఒకే కొలను నీళ్లు మింగినవాళ్లు.

వాటర్ పోలో అంటే మన దగ్గర చాలామందికి తెలియదు కాబట్టి రెండు మాటలు చెబుతాను. గోల్ కీపర్‌తో కలిపి ఒక్కో జట్టు నుంచి ఏడుగురు నీళ్లలో ఉంటారు. ఎనిమిదేసి నిమిషాలు నాలుగు భాగాలు. కాలు అడుగున ఆనించకూడదు, గోల్ కీపర్ తప్ప మిగతావాళ్లు బంతిని ఒక్క చేత్తోనే పట్టాలి. అంటే ఆట ఉన్నంతసేపూ నిలువీతే, దాని మీద పరుగుకు బదులు బారలు, ఆ పైన బంతి విసరడం. నీళ్ల కింద అవతలివాడు కాలితో తన్నుతాడు, బట్ట పట్టి లాగుతాడు, చాలాసార్లు అది రిఫరీ కంట పడదు. (మన సంఘాల ఎన్నికలు చూసినవాళ్లకు ఈ భాగం ప్రత్యేకంగా వివరించక్కర్లేదు.) ఇలాంటి ఆటకు నిబంధన మార్చాలన్నా, పిల్లల లీగ్ పెట్టాలన్నా, రోజుకు ఎన్ని గంటలు కొలను కావాలో ప్రభుత్వానికి చెప్పాలన్నా అందులో ఊపిరాడక కొట్టుకున్నవాడు చెబితే ఒకలా ఉంటుంది, గట్టు మీద నిలబడి చప్పట్లు కొట్టినవాడు చెబితే ఇంకోలా ఉంటుంది.

వారీ కాలం మొత్తం బంగారమే అని నేను అనడం లేదు. 2020 జనవరిలో బుడాపెస్ట్‌లోనే జరిగిన యూరోపియన్ చాంపియన్‌షిప్‌లో వాళ్ల మగవాళ్ల జట్టు ఫైనల్లో స్పెయిన్‌ను పెనాల్టీల్లో ఓడించింది, 1999 తర్వాత వాళ్లకు ఆ టైటిల్ మళ్లీ అప్పుడే. వెంటనే కరోనా. జూన్‌లో టిబోర్ బెనెడెక్ చనిపోయాడు, మూడు ఒలింపిక్ బంగారాలు గెలిచి, ఆ తర్వాత కోచ్‌గా 2013లో జట్టును ప్రపంచ చాంపియన్ చేసిన మనిషి, వయసు 47. ఏడాది ఆలస్యంగా 2021లో జరిగిన టోక్యో ఒలింపిక్స్‌లో మగవాళ్లకు కాంస్యం, ఆడవాళ్లకూ కాంస్యం. ఆడవాళ్ల జట్టుకు ఒలింపిక్స్‌లో వచ్చిన మొట్టమొదటి పతకం అది. తొమ్మిది బంగారాలున్న దేశంలో కాంస్యానికి ఊరేగింపులు ఉండవు గానీ, ఆ ఆడపిల్లల పతకం నా దృష్టిలో పెద్దదే. అయినా పతకాలు అధ్యక్షుడి ఖాతాలో వేయడం నాకు ఇష్టం లేదు, నీళ్లలో ఉన్నవాళ్లు గెలుస్తారు. అధ్యక్షుడి పని వాళ్లకు కొలను, కోచ్, జీతం, బస్సు టైముకి అందేలా చూడటం.

డబ్బు సంగతి కూడా చెప్పాలి, ఎందుకంటే మన దగ్గర వెంటనే వచ్చే జవాబు ‘వాళ్లది డబ్బున్న దేశమండీ’ అని. హంగేరీ జనాభా కోటి కూడా లేదు. సముద్రం లేదు. 2011లో వాళ్లు ఒక ఏర్పాటు చేసుకున్నారు. కంపెనీలు ప్రభుత్వానికి కట్టాల్సిన పన్నులో కొంత భాగాన్ని ఫుట్‌బాల్, హ్యాండ్‌బాల్, బాస్కెట్‌బాల్, ఐస్ హాకీ, వాటర్ పోలో లాంటి జట్టు ఆటల క్లబ్బులకు మళ్లించొచ్చు. దాని మీద అక్కడే బోలెడు విమర్శ ఉంది, ఎక్కువ భాగం ఫుట్‌బాల్‌కే పోతోందని, లెక్కలు బయటపెట్టడం లేదని. అదంతా ఉన్నా, వాటర్ పోలోను ఆ జాబితాలో పెట్టేంత బరువు ఆ ఆటకు ఆ దేశంలో ఉంది. ఆ బరువు ఒక్కరోజులో రాలేదు. 1956లో మెల్‌బోర్న్‌లో, సోవియట్ ట్యాంకులు బుడాపెస్ట్‌లోకి వచ్చిన కొన్ని వారాలకే, ఈ జట్టు సోవియట్ జట్టును 4-0తో ఓడించింది. ఎర్విన్ జాడోర్ అనే కుర్రాడు కన్ను దగ్గర రక్తం కారుతూ నీళ్లలోంచి బయటకు వచ్చిన మ్యాచ్ అది. ఆ జట్టులోని దెజో గ్యార్మతి 1948 నుంచి 1964 దాకా వరసగా ఐదు ఒలింపిక్స్‌లో పతకం గెలిచాడు, అందులో మూడు బంగారాలు, ఆ తర్వాత 1976లో కోచ్‌గా ఇంకో బంగారం. ఆడినవాళ్లు ఆట వదిలిపోకుండా ఆట చుట్టూనే ఉండిపోవడం వాళ్లకు వారీతో మొదలైన అలవాటు కాదన్నమాట.

అలాగని మాజీ చాంపియన్ అయితే చాలు, కళ్లు మూసుకుని కుర్చీ ఇచ్చేయమనీ అనను. అదే హంగేరీలో పాల్ ష్మిట్ అని కత్తిసాము ఒలింపిక్ చాంపియన్ ఉన్నాడు. ఇరవై ఏళ్లు ఆ దేశపు ఒలింపిక్ కమిటీ నడిపి, ఏకంగా దేశాధ్యక్షుడయ్యాడు. డాక్టరేట్ థీసిస్ కాపీ కొట్టాడని తేలి 2012లో రాజీనామా చేయాల్సి వచ్చింది. పతకం నిజాయితీకి సర్టిఫికెట్ కాదు. కానీ ఆట తెలిసినవాణ్ణి నిలదీయడం తేలిక, ఎందుకంటే తోటి ఆటగాళ్లకు ఆయన సంగతి మొదటినుంచీ తెలిసి ఉంటుంది. ఆట తెలియనివాణ్ణి ఏమని నిలదీస్తాం? ఆయన ‘నాకేం తెలుసండీ, మీరంతా బలవంతపెడితే ఒప్పుకున్నాను’ అంటాడు. మా ప్రాంతంలో ఒక సంఘం పెద్దమనిషి సరిగ్గా ఈ మాటే అన్నాడు, పేరు అనవసరం.

హంగేరీ ఈత కథలో నన్ను ఎక్కువ కుదిపింది ఇంకో మనిషి, ఆల్‌ఫ్రెడ్ హయోష్. అతనికి పదమూడేళ్లప్పుడు తండ్రి డాన్యూబ్ నదిలో మునిగి చనిపోయాడు. ఆ దెబ్బతో పిల్లవాడు ఈత పట్టుదలగా నేర్చుకున్నాడు. 1896లో ఏథెన్స్‌లో జరిగిన మొదటి ఆధునిక ఒలింపిక్స్‌లో సముద్రంలోనే పెట్టిన పోటీల్లో రెండు బంగారాలు గెలిచి, హంగేరీకి మొదటి ఒలింపిక్ విజేత అయ్యాడు. ఆ తర్వాత ఆర్కిటెక్ట్ అయ్యి, బుడాపెస్ట్‌లో మార్గరెట్ ద్వీపం మీద ఈత కొలను తనే డిజైన్ చేశాడు. 1930లో కట్టారు, ఇప్పటికీ ఉంది, ఆయన పేరే పెట్టారు. నది తండ్రిని మింగితే కొడుకు ఆ నది మధ్య లంకలోనే పిల్లలకు కొలను కట్టించాడు! ఇదే దేశంలో ఒలివేర్ హలాషి అని చిన్నప్పుడు ప్రమాదంలో ఎడమ కాలు మోకాలి కింద నుంచి పోగొట్టుకున్నవాడు 1932లోనూ 1936లోనూ వాటర్ పోలోలో ఒలింపిక్ బంగారాలు గెలిచాడు. మన బళ్లలో అలాంటి పిల్లణ్ణి ఆటల పీరియడ్‌లో మిగతా పిల్లల సంచులకు కాపలా కూర్చోబెడతారు.

ఇక మన సంగతి. 1852లో ధవళేశ్వరం ఆనకట్ట పూర్తయిన దగ్గర్నుంచి ఈ డెల్టాలో నీళ్లు లేని ఊరు లేదు. ఏ ఇంటి వెనక చూసినా బోదో, కాలువో, చెరువో. మా తాతల కాలంలో ఎండిన ఆనపకాయ బుర్రలు కట్టుకుని, అరటి బోదెలు పట్టుకుని ఈత నేర్చుకున్నారు, మా తరం ట్యూబులతో నేర్చుకుంది. ఇప్పటి పిల్లల్లో చాలామందికి రాదు. కాలువలో గుర్రపుడెక్క, చెత్త, చెరువుల్లోంచి వదిలే నీళ్లు, దిగాలంటే తల్లిదండ్రులకు భయం, ఆ భయం న్యాయమే. దానికి తోడు పిల్లలకు బడి సెలవులిచ్చే ఎండాకాలంలోనే కాలువలు కట్టేస్తారు. రేవులో మోకాలి లోతు కూడా ఉండదు. పిల్లలు ఏం చేస్తారు, బండ్లేసుకుని గోదావరికి పోతారు. అక్కడ ఇసుక తవ్విన గుంటలు పైకి కనపడవు, నడుము లోతు అనుకుని అడుగు వేస్తే మనిషి లోతు దాటిపోతుంది. ఒకడు జారితే పట్టుకోబోయి ఇంకొకడు. ఏటా వేసవిలో మీ మొదటి పేజీలోనే చదువుతున్నాం, నేను కొత్తగా చెప్పేదేముంది.

అప్పుడు ఎవరిని పిలుస్తారు? గజ ఈతగాళ్లను. లంక గ్రామాల నుంచి, పల్లెకారుల పేటల నుంచి వస్తారు. ఏ పాయలో సుడి ఎక్కడ తిరుగుతుందో, వరద తగ్గాక ఇసుక ఎటు మేట వేసిందో వాళ్లకు తెలిసినట్టు ఏ ఇంజనీరుకూ తెలియదు. శవం దొరికాక చేతిలో ఏదో పెట్టి పంపేస్తారు. పిల్లవాడు బతికుండగా వాడికి ఈత నేర్పమని వాళ్లను పిలిచిన బడిగానీ, సంఘంగానీ నాకు తెలిసి మా చుట్టుపక్కల లేదు. ఇక సంఘం కార్యవర్గంలో సభ్యుడిగానా? అడిగితే నవ్వుతారు.

మన వాళ్లకు చేతకాక కాదు. 1951లో ఢిల్లీలో జరిగిన మొదటి ఆసియా క్రీడల్లో వాటర్ పోలో బంగారం గెలిచింది మన దేశమే. అది ఎంతమందికి గుర్తుంది? అమలాపురం కుర్రాడు సాత్విక్ సాయిరాజ్ బ్యాడ్మింటన్ డబుల్స్‌లో ప్రపంచ నంబర్ వన్ అయ్యాడు, వాళ్ల నాన్న వ్యాయామ ఉపాధ్యాయుడు. ఆట తెలిసిన ఒక్క మనిషి ఇంట్లో ఉంటేనే అంత దూరం వెళ్లాడు, ఆట తెలిసినవాళ్లు సంఘంలో ఉంటే ఇంకెంతమంది వెళ్తారో ఆలోచించండి. దేశం మొత్తం మీద గాలి కొంచెం మారుతోంది, అదీ ఒప్పుకోవాలి. 2022లో పి.టి. ఉష భారత ఒలింపిక్ సంఘం అధ్యక్షురాలైంది, హాకీ ఇండియాకు దిలీప్ టిర్కీ వచ్చాడు. 2025లో పార్లమెంటు చేసిన జాతీయ క్రీడా పాలన చట్టం ప్రకారం జాతీయ సమాఖ్యల కార్యవర్గంలో మేటి క్రీడాకారులు కనీసం ఇద్దరుండాలి. మంచిదే. పదిహేను మందిలో ఇద్దరు అంటే నాకు మళ్లీ ‘తదితరులు’ గుర్తొచ్చింది గానీ, సున్నా కంటే నయం. ఆ ఇద్దరైనా జిల్లా స్థాయికి, మండల స్థాయికి ఎప్పుడు దిగుతారన్నదే నా ప్రశ్న.

2027లో గోదావరి పుష్కరాలు. ఘాట్లకు, రోడ్లకు, లైట్లకు ఎలాగూ ఖర్చు పెడతారు. అందులోంచి నియోజకవర్గానికి ఒక్క ఈత కొలను కట్టమని మా లాంటివాళ్లం అడుగుతున్నాం. అలంకారానికి కాదు, ఒక పక్క పిల్లల లోతు, ఒక పక్క కాలు అందని లోతు ఉండి, ఆడపిల్లలకు విడిగా సమయం ఉండి, బడి పిల్లలు వేసవిలో ఉచితంగా నేర్చుకునేలా. కొలను కట్టేదాకా ఆగక్కర్లేదు కూడా. కాలువలు కట్టేసే ముందు, మార్చిలో, ఒక మంచి రేవు చూసి శుభ్రం చేసి, తాళ్లు కట్టి, పీఈటీల పర్యవేక్షణలో గజ ఈతగాళ్ల చేత నేర్పించొచ్చు, వాళ్లకు రోజు కూలీ కాకుండా నెల జీతం ఇచ్చి. జిల్లా ఈత సంఘాల్లో సగం పదవులు ఈదినవాళ్లకు, నేర్పినవాళ్లకు ఇవ్వాలి. రైసు మిల్లు ఓనరు గారు చందా ఇస్తే గౌరవంగా తీసుకుందాం, శాలువా కప్పుదాం.

ఇంతకీ అలాంటివాళ్లు ఎక్కడ దొరుకుతారని సంఘాలవాళ్లు అడగొచ్చు. గోదావరి గట్టు మీదున్న ఏ పోలీస్ స్టేషన్‌కైనా వెళ్లండి, గజ ఈతగాళ్ల పేర్లు, ఫోన్ నంబర్లు రాసిన కాగితం ఒకటి ఉంటుంది. వచ్చే నెల కార్యవర్గం ఎన్నికకు ఆహ్వానాలు పంపేటప్పుడు ఆ నంబర్లకు కూడా ఫోన్ చేయండి.

ఇట్లు,
ఒక పాఠకుడు,
పాలకొల్లు మండలం, పశ్చిమ గోదావరి జిల్లా