శిక్ష ముందు, నోటీసు తర్వాతా?

సంపాదకుడు గారికి,

కిందటి వారం మీ జిల్లా పేజీలో ‘లాయరుకు కోర్టు మొట్టికాయలు’ అని మూడు కాలాల వార్త వేశారు. అవతలి పక్షం మాట ఒక్క ముక్కైనా వేస్తారేమోనని ఇన్నాళ్లూ చూశాను. వేయలేదు. పేరు రాయకపోయినా ఆ లాయరు ఎవరో తిరుపతి కోర్టు క్యాంటీన్ నుంచి చిత్తూరు బస్టాండు దాకా అందరికీ తెలిసిపోయింది. ఆయన తప్పు చేసి ఉంటే శిక్ష పడాల్సిందే, అందులో పేచీ లేదు. కానీ చేశాడని తేల్చిందెవరు, ఎప్పుడు?

మీరు ఫొటో వేసిన డాకెట్ ఆర్డరులో, అంటే వాయిదా రోజు జడ్జి కేసు కట్ట మీద రాసే ఉత్తర్వులో, రెండే వాక్యాలున్నాయి. ‘న్యాయవాది కోర్టును తప్పుదారి పట్టించారు. బార్ కౌన్సిల్‌కు ప్రతి పంపండి.’ బార్ కౌన్సిల్ అంటే లాయర్ల సన్నదులు (ప్రాక్టీసు లైసెన్సులు), క్రమశిక్షణ చూసే సంస్థ. ఏ కాగితం చూపి తప్పుదారి పట్టించారు? ఎగ్జిబిట్ (సాక్ష్యంగా పెట్టిన కాగితం) నంబరు లేదు, పేజీ లేదు, ఏ వాయిదాలో ఏ మాట అన్నారో లేదు. పేజీ నంబరు తప్పినా, కోర్టు ఫీజు పది రూపాయలు తగ్గినా దావాను రిటర్న్ కొట్టి పంపుతారే, ఒక మనిషి ముప్పై ఏళ్ల వృత్తి మీద వేసే మచ్చకు ఆపాటి చెక్ స్లిప్ (లోపాలు రాసిచ్చే చీటీ) కూడా అక్కర్లేదా?

చట్టంలో దారి లేక ఇలా రాశారనుకుంటే పొరపాటు. దారులు మూడున్నాయి, దేని లెక్క దానిదే. ఎదురుగా నిలబడి జడ్జిని అవమానించాడనుకోండి, క్రిమినల్ కేసులు నడిపే పద్ధతి చెప్పే భారతీయ నాగరిక్ సురక్షా సంహిత 384వ సెక్షన్ ఉంది. అదే రోజు, బెంచి దిగేలోపే కేసు చేపట్టాలి, సంజాయిషీ చెప్పుకోనివ్వాలి. జరిగిందేమిటో, ఆయన ఏం చెప్పుకున్నాడో, చివరికి ఏం తేల్చారో రికార్డుకెక్కాలి. ఆ సమయానికి ఏ విచారణ ఏ దశలో ఉందో, అవమానం ఏ రకందో కూడా రాయాలి. ఇంతా చేస్తే జరిమానా వెయ్యి రూపాయలకు మించదు. చాలాచోట్ల తప్పేది ఇక్కడే. ఆ పూట ఊరుకుని, తర్వాతి వాయిదాకు కోపం కాగితం మీద పెడతారు. అప్పటికి ఆ సెక్షన్ తలుపు మూసుకుపోయి ఉంటుంది.

దొంగ పత్రం దాఖలు చేశాడంటారా, అది అదే సంహితలో 379వ సెక్షన్. అవసరమైతే ప్రాథమిక విచారణ జరిపి, ఫలానా నేరమని తేల్చి రాసి, మేజిస్ట్రేటుకు రాతపూర్వక ఫిర్యాదు పంపాలి. దానిమీద 380 కింద అప్పీలూ ఉంది. కోర్టు ధిక్కారమే అయితే కింది కోర్టు తనంతట తాను శిక్ష వేయలేదు, హైకోర్టుకు రిఫరెన్సు పంపాలి, అంటే విషయం రాసి నివేదించాలి. అక్కడ కనీసం ఇద్దరు జడ్జీలు వింటారు. ఏడాది దాటితే అసలు మొదలుపెట్టడానికే లేదు. హైకోర్టు జడ్జి ఎదుటే ధిక్కారం జరిగితే, 1971 కోర్టు ధిక్కార చట్టం 14వ సెక్షన్ ప్రకారం ఆరోపణ రాతలో ఇవ్వాలి, నన్ను వేరే జడ్జి విచారించాలని లాయరు అడగొచ్చు కూడా. ఫిర్యాదీ, సాక్షి, తీర్పరి ఒకరే కాకూడదనే కదా ఆ ఏర్పాటు! ఇక ‘బేషరతుగా క్షమాపణ రాసివ్వు, లేదా వకాలతు వదులుకో’ అనే బేరం ఏ సెక్షన్‌లో ఉందో ఎవరైనా చూపిస్తే సంతోషిస్తాను. మనస్ఫూర్తిగా చెప్పిన క్షమాపణకు షరతు ఉందన్న ఒక్క కారణంతో తోసిపుచ్చకూడదని ఆ ధిక్కార చట్టం 12వ సెక్షన్ వివరణలోనే ఉంది.

సుప్రీంకోర్టే ఒకసారి తడబడి సర్దుకున్న విషయమిది. 1995లో వినయ్ చంద్ర మిశ్రా అనే లాయరు కేసులో ధిక్కారానికి శిక్షగా మూడేళ్లు ప్రాక్టీసు ఆపేసింది. 1998లో రాజ్యాంగ ధర్మాసనం అది చెల్లదంది, సన్నదు సంగతి బార్ కౌన్సిల్ చూసుకోవాలంది. తీర్పుల్లో పడే వ్యాఖ్యల గురించైతే 1963లోనే మహమ్మద్ నయీం కేసులో కొలతలు పెట్టారు: ఆ మనిషికి చెప్పుకునే అవకాశం వచ్చిందా, రికార్డులో ఆధారం ఉందా, కేసు తేల్చడానికి ఆ మాట అవసరమా. 2021లో నీరజ్ గార్గ్ కేసులో ఒక లాయరు మీద హైకోర్టు రాసిన వ్యాఖ్యలనే ఈ కొలతలతో చూసి కొట్టేశారు. మన డాకెట్ ఆర్డరు వీటిలో మొదటిదానికే నిలవదు.

అలాగని లాయర్లను వెనకేసుకొస్తున్నాననుకోవద్దు. ఇలాంటి ఆర్డరు రాగానే నోటీసు అడగాలి, కాపీకి దరఖాస్తు పెట్టాలి, వ్యాఖ్యలు తొలగించమని హైకోర్టుకు వెళ్లాలి. వీళ్లు మొదట చేసే పని విధుల బహిష్కరణ! సమ్మె హక్కు లాయర్లకు లేదని 2002లో హరీష్ ఉప్పల్ కేసులో సుప్రీంకోర్టు చెప్పాక కూడా. కుప్పం నుంచి తెల్లవారుజామున బస్సెక్కి సాక్ష్యం చెప్పడానికొచ్చిన ముసలాయన ఈ గొడవలో ఎవరికి లెక్క? బార్ కౌన్సిల్ సంగతి సరేసరి. క్రమశిక్షణ కమిటీ ఏడాదిలో తేల్చకపోతే ఫైలు ఢిల్లీలోని బార్ కౌన్సిల్ ఆఫ్ ఇండియాకు పోతుందని న్యాయవాదుల చట్టంలో 36బి సెక్షన్ రాసుకున్నారు. తేల్చకుండా చేతులు దులుపుకోవడానికి అంతకన్నా మంచి సెక్షన్ ఉండదు. మందలింపు, సస్పెన్షన్, రోల్ (లాయర్ల జాబితా) నుంచి తీసేయడం, మూడు అధికారాలూ చేతిలో పెట్టుకుని వాయిదాలు వేసేది వాళ్లే.

ఈ జబ్బు కోర్టులకే అంటిందా? రెవెన్యూలో ముందు ఆర్డరు తయారవుతుంది, వెనకటి తేదీతో నోటీసు తర్వాత పుడుతుంది. ఆక్రమణ అని ముందు గోడ కూల్చి, సాయంత్రం విరిగిన ఆ గేటుకే నోటీసు అంటించి పోతారు. మీ పత్రికా తక్కువ తినలేదు. ఒకప్పుడు కోర్టు విలేకరి హాల్లో కూర్చుని రెండు పక్షాలూ విని రాసుకునేవాడు. ఇప్పుడు ఫోనులోకొచ్చిన ఫొటో వార్తైపోతోంది. రేపు ఆ వ్యాఖ్యలు కొట్టేస్తే అదే పేజీలో, అదే మూడు కాలాల్లో వేస్తారా?

ఆ లాయరు పెట్టుకున్న కాపీ దరఖాస్తుకు సర్టిఫైడ్ కాపీ ఇంకా రాలేదట. వాట్సాప్‌లో మాత్రం ఊరందరికీ వచ్చింది.

– ఒక విశ్రాంత శిరస్తదారు, చిత్తూరు